ఒకించి ఎడం

బెంగళూరులో సముద్రం లేదు. ఆ సంగతి నాకు తెలుసు. అయినా తెలియదేమోనని, తొంభైల్లో నేను కలిసిన ప్రతి మనిషీ పనిగట్టుకుని చెప్పాడు. ఆటో డ్రైవరు చెప్పాడు, హాస్టలు వార్డెను చెప్పింది, మెస్సులో సాంబారు వడ్డించే ఆవిడ కూడా గరిటె ఆపి మరీ చెప్పింది. ఆఖరికి తెనాలి నుంచి నన్ను చూడ్డానికి వచ్చిన మా మేనమామ, "అలల మీద పరిశోధనా? ఇక్కడా? విశాఖపట్నం రైలెక్కబోయి బెంగళూరు రైలెక్కావేమే అమ్మాయ్?" అని పకపకా నవ్వాడు. నాకు కోపం ముక్కుమీదే ఉంటుంది. "నువ్వు చెరుకురసం తాగాలంటే చెరుకుతోటకే వెళ్తున్నావా మామయ్యా?" అన్నాను. ఆయన నవ్వు ఆపలేదు గానీ మళ్ళీ ఆ మాట ఎత్తలేదు.

నాకు సముద్రంతో పనిలేదు. మా ప్రయోగశాలలో ఒక తొట్టి ఉండేది. గాజు గోడలు, లారీ అంత పొడవు, నడుము లోతు నీళ్ళు. ఒక చివర మోటారుకి బిగించిన పలక ముందుకీ వెనక్కీ ఊగుతూ అలలు పుట్టించేది. రెండో చివర వాలుగా కొబ్బరిపీచు పట్టాలు పరిచి ఉండేవి. అల అక్కడిదాకా వెళ్ళి ఆ పీచులో పడి చావాలి. గోడకి తగిలి వెనక్కి రాకూడదు. మధ్యలో నీళ్ళ మీద తొట్టి పొడుగు వారగా ఒక చెక్కబద్ద, దానికి వరసగా రంధ్రాలు, రంధ్రానికో సన్నని తీగ నీళ్ళలోకి దిగి ఉండేది. నీరు తీగ మీదకి ఎంత ఎక్కితే కంప్యూటరులో అంత అంకె పడేది. అదే నా లోకం. పొద్దున్నే వెళ్ళి ఆ తీగలకి పట్టిన నాచు తుడుస్తుంటే, మా అమ్మ ఇంట్లో ఇత్తడి సామాను తోమేది గుర్తొచ్చేది.

ఇక్కడ నేను చేసే పని కాస్త చెప్పాలి. భయపడకండి, లెక్కలు రాయను.

అలని రెండు రకాలుగా చూడొచ్చు. ఫోటో తీస్తే నీళ్ళు ఆగిపోతాయి. అప్పుడు ఒక మీటరు నీటిలో ఎన్ని అలలు పట్టాయో లెక్కపెట్టొచ్చు. అది చోటు లెక్క. అలా కాకుండా ఒక్క తీగనే చూస్తూ కూచుంటే, సెకనుకి నీరు ఎన్నిసార్లు లేచి పడిందో లెక్కపెట్టొచ్చు. అది కాలం లెక్క. చోటు లెక్కని కాగితం మీద అడ్డంగానూ, కాలం లెక్కని నిలువుగానూ పెట్టి, ప్రతి అలకీ ఒక చుక్క పెట్టండి. తొట్టిలో వంద రకాల అలలు కలిసిపోయి గందరగోళంగా కనిపించే నీరు, ఆ కాగితం మీదకి వచ్చేసరికి పద్ధతిగా ఒక వంపు గీత మీద కూర్చుంటుంది. ముందుకి పోయే అలలు కాగితం కుడి సగంలో, వెనక్కి వచ్చే అలలు ఎడమ సగంలో పడతాయి. ఏ అల ఎంత వేగంతో వెళ్తుందో, ఎటు వెళ్తుందో అన్నీ ఆ బొమ్మే చెప్పేస్తుంది.

మొదటిసారి ఆ గీత ప్రింటరులోంచి కిర్రు కిర్రుమంటూ బయటికి వస్తుంటే నేను నిజంగా ఎగిరి గంతేశాను. నీళ్ళు నాతో మాట్లాడినట్టే అనిపించింది. ఆ కాగితాన్ని హాస్టలు గోడకి అంటించుకున్నాను. పక్కగది అమ్మాయి చూసి, "ఏ హీరో బొమ్మో అంటించావనుకున్నాను, ఇదేంటి చింతపండు పులుసు ఒలికినట్టుంది" అంది. ఆ అమ్మాయితో వారం రోజులు మాట్లాడలేదు.

రెండేళ్ళు అలా బాగానే నడిచింది. ఆ తర్వాత రెండో గీత ఒకటి కంట్లో పడింది.

నిజానికి అది మొదట్నించీ ఉంది. చాలా పల్చగా, కాగితం ఎడమ పక్కన. ముద్రణలో మరకేమోనని అనుకుంటూ వచ్చాను. అలలు కాస్త నిటారుగా లేచిన రోజుల్లో అది చిక్కబడేది. మా గైడు ధారవాడ మనిషి. మాట మెత్తన, తీర్పు మాత్రం కత్తి. ఆయన నా కాగితాలన్నీ బల్ల మీద పరిచి, కళ్ళజోడు తీసి, ఆ పల్చని గీత మీద వేలు పెట్టారు.

"ఏనమ్మా, ఇది ఎడమ పక్కన ఉంది. అంటే అలలు వెనక్కి వస్తున్నాయి. నీ పీచుపట్టాలు పనిచేయడం లేదు" అన్నారు ఇంగ్లీషులో.

"వెనక్కి వచ్చే అల అయితే, కుడిపక్క గీతకి అద్దంలో బొమ్మలా సరిగ్గా ఎదురుగా ఉండాలి కదండీ. ఇది కాస్త పైకి ఉంది" అన్నాను.

"అయితే నీ చెక్కబద్ద నీళ్ళకి ఉబ్బి తీగలు పక్కకి జరిగాయి. కొలతలు తప్పు."

రెండిట్లో ఏదైనా నా రెండేళ్ళ కొలతలూ చెత్తబుట్టలోకే. అల వెనక్కి వస్తుంటే తొట్టి తప్పు, లేకపోతే బద్ద తప్పు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. ఏప్రిల్లో కమిటీ కూర్చుంటుందనీ, అప్పటికి ఇది తేలకపోతే డాక్టరేటు వదిలేసి మాస్టర్సు పట్టా తీసుకుని వెళ్ళిపోవడం మంచిదనీ ఆయన నెమ్మదిగా చెప్పారు. ఆయన చెప్పిన తీరులో చెడ్డతనం ఏమీ లేదు, అందుకే మరీ ఏడుపొచ్చింది. నాకు ఇంకొక్క ప్రయోగానికి మాత్రం అవకాశం ఇచ్చారు. ఉబ్బని లోహపు బద్ద చేయించి, పాత కొలతలతోనే మళ్ళీ తీసి చూడాలి.

ఆ ఆదివారం బూత్ నుంచి అమ్మకి ఫోను చేస్తే, నేను చెప్పకముందే ఆవిడే మొదలుపెట్టింది. ఎప్పుడో రాసిన బ్యాంకు పరీక్షకి ఉద్యోగం ఆర్డరు వచ్చిందట.

"గుంటూరు బ్రాంచేనే. పొద్దున వెళ్ళి సాయంత్రం ఇంటికొచ్చెయ్యొచ్చు. ఆ నీళ్ళూ ఆ తొట్టీ నీకెందుకే? వచ్చెయ్యవే, తల్లీ."

"చూస్తానమ్మా" అన్నాను. ఆ మాట నా నోట్లోంచి వచ్చినందుకు నాకే భయం వేసింది. అంతకుముందు ఎప్పుడు అడిగినా "రానంటే రాను" అనే దాన్ని.

మా వర్క్‌షాపులో బద్ద చేయించాలంటే అప్పటికే చాంతాడంత వరస ఉంది. నగర్తపేటకి వెళ్ళమని ఎవరో చెప్పారు. బట్టల హోల్‌సేలు కొట్ల మధ్య ఒక సందులో, మనిషి పక్కకి తిరిగి నడవాల్సినంత ఇరుకు చోట, ఒక మేస్త్రీ దుకాణం ఉండేది. ఒక డ్రిల్లింగ్ మెషీను, ఒక లేతు, గోడకి దేవుడి పటాలు, నేలంతా మెరిసే రజను. ఆయనకి యాభై దాటి ఉంటాయి. నేను ఇంగ్లీషులో మొదలుపెట్టి, కన్నడంలో తడబడి, చివరికి నాలో నేను తెలుగులో గొణుక్కుంటే ఆయన ముఖం విప్పారింది.

"ముందే చెప్పకూడదా తల్లీ, మేమూ తెలుగోళ్ళమే. మా తాతల కాలం నించీ ఈడే ఉండాము."

నేను సంబరపడి, "మేస్త్రీ గారూ, మీరు దొరకడం నా అదృష్టమండీ" అన్నాను.

"గారు గీరు ఎందుకమ్మా? నన్ను గారు అనేది కరెంటు బిల్లు కట్టనప్పుడే" అని నవ్వి, నా బొమ్మ తీసుకుని చూశాడు. పొడుగాటి అల్యూమినియం బద్ద, పాత చెక్కబద్దకి లాగే ఈ చివరినుంచి ఆ చివరికి మూడించులకొక రంధ్రం. "ఇది బాచణిగ. మీ మాటలో దువ్వెన. నీళ్ళకి తల దువ్వుతావా?" అన్నాడు. కోపం రావాల్సిందే, కానీ ఆ మాట నాకు నచ్చింది. అప్పట్నించీ మేమిద్దరం దాన్ని దువ్వెన అనే అన్నాం.

ఆయన పనిచేసే పద్ధతి కూడా చెప్పాడు. రంధ్రాలు వరసగా కొట్టుకుంటూ పోతే బద్ద వేడెక్కి వంగిపోతుందట. అందుకని ఒకటి విడిచి ఒకటి కొట్టి, చల్లారనిచ్చి, మర్నాడు మిగిలినవి కొడతాడట. మంచి పద్ధతి. అదే నా కొంప ముంచిందని తర్వాత అనుకున్నాను.

మర్నాడు పొద్దున్న గుర్తొచ్చింది. బద్ద రెండు చివర్లా అంచు వదలమని బొమ్మలో రాయలేదు. మొదటి రంధ్రం అంచుమీదకి వచ్చేస్తే తొట్టికి బిగించడానికి పట్టు ఉండదు. మేస్త్రీ దగ్గర ఫోను లేదు. పక్క బట్టలకొట్టుకి ఫోను చేసి పిలిపించాను. అటు డ్రిల్లు మోత, వీధిలో హారన్లు, ఇటు నా వెనకాల కాయిన్ ఫోను కోసం నిలబడ్డవాళ్ళ సణుగుడు.

"మేస్త్రీ గారూ! అంచుకి ఒకించి ఎడం ఉండాలండీ! ఒకించి ఎడం!" అని గొంతు చించుకున్నాను.

"ఏం? ఒకించి ఎడమా?"

"ఆఁ, ఒకించి ఎడం!"

"ఆయితమ్మా! తెల్సింది! మిగిలినవి ఇంకా కొట్టలేదు, అట్లే జేస్తా!"

ఎంత తెలివైన మనిషి, ఎంత చురుకైన మనిషి అని మురిసిపోతూ ఫోను పెట్టేశాను.

కృష్ణా గుంటూరు జిల్లాల్లో పుట్టినవాళ్ళకి "ఎడం" అంటే ఏమిటో వేరే చెప్పక్కర్లేదు. దూరం. ఇద్దరు మనుషుల మధ్య చోటు. "కాస్త ఎడంగా కూచోండి" అని అంటాం. బస్సులో రోజుకి పదిసార్లు అనే మాట. ఈ మాటకి ఇంకో అర్థం ఉందనీ, ఆ అర్థం తప్ప రెండోది ఎరగని తెలుగువాళ్ళు ఉంటారనీ నా బుర్రకి తట్టలేదు.

బద్ద తెచ్చుకోడానికి వెళ్ళి, చేతిలోకి తీసుకుని చూసేసరికి నా కళ్ళు బైర్లు కమ్మాయి. రెండు రంధ్రాలు దగ్గరదగ్గరగా, తర్వాత పెద్ద సందు, మళ్ళీ రెండు దగ్గరగా, మళ్ళీ పెద్ద సందు. చివరిదాకా అదే తంతు. స్కేలు పెట్టి కొలిచాను. రెండించులు, నాలుగించులు, రెండించులు, నాలుగించులు.

"ఇదేంటండీ ఇది? మూడించులకొకటి అని బొమ్మ గీసిచ్చాను కదా! కళ్ళు మూసుకుని కొట్టారా?"

"నువ్వే గదమ్మా ఫోను జేసి జెప్పినావు? ఒకించి ఎడం అని! సగం అప్పటికే కొట్టేసుంటి. మిగిలిన సగం నువ్వు జెప్పినట్లే ఒకించి ఎడం పక్కకి జరిపితి."

"ఎడం అంటే ఎడమ పక్క కాదండీ! ఎడం అంటే దూరం! అంచుకి దూరం!"

"ఎడం అంటే దూరమా? యా ఊర్లోనమ్మా?" ఆయన నిజంగానే ఆశ్చర్యపోయాడు. ఎడమ చెయ్యెత్తి చూపించాడు. "ఇది ఎడం. ఇది కుడి. చిన్నప్పటినించీ అంతే. దూరానికి దూరమనే అంటారు గదా!"

"మా ఊళ్ళో అంటారు!"

"మీ ఊళ్ళో అంటే మీ ఊళ్ళో చేపించుకోవల్ల తల్లీ" అన్నాడు ఆయన కూడా రేగిపోయి. పక్క కొట్టువాళ్ళు తలలు బయటికి పెట్టారు. నేను ఇంకా అరిచేదాన్నే. కానీ ఆయన అంతలోనే చల్లబడి, బద్దని ఒళ్ళో పెట్టుకుని తుడుస్తూ, "బేజారు జేసుకోవద్దు. ఇంకోటి చేసిస్తా. అయితే కరగ వస్తా ఉండాది. మా ఇంట్లో మొక్కుండాది. కరగ అయ్యేదాకా మెషీను ముట్టను" అన్నాడు.

కరగ అంటే పూల కలశం ఊరేగించే అమ్మవారి జాతర, ఆ పేట వాళ్ళకి ప్రాణం. అది తెలుసు కాబట్టి బతిమాలడం దండగ. కరగ అయ్యాక అంటే కమిటీ అయిపోయాక. ఆ వంకర దువ్వెనని భుజాన వేసుకుని బస్సెక్కాను. కండక్టరు దానికీ టిక్కెట్టు తీసుకోమన్నాడు. ఆ రోజు నాతో వేళాకోళం ఆడిన మనిషి ఆయనొక్కడే అయినా, ఊరంతా నన్ను చూసి నవ్వుతోందనిపించింది.

ఏం చేస్తాను? ఏడ్చుకుంటూ, పట్టు చాలని చివర్లని తాడుతో కట్టి దాన్నే బిగించాను. ఆదివారం మధ్యాహ్నం, ల్యాబులో నేనొక్కదాన్నే. తీగల చోట్లు మారాయి కాబట్టి కంప్యూటరుకి కొత్త చోట్లు ఒక్కోటీ చెప్పాను. అలలు బాగా నిటారుగా లేచేలా మోటారు పెంచి, కొలతలు తీసి, బొమ్మకి పెట్టి, టీ తాగి వచ్చేసరికి కాగితం సగం బయటికి వచ్చి ఉంది.

పెద్ద వంపు గీత ఎప్పటిలాగే కుడిపక్కన ఉంది. ఎడమ పక్కన ఆ పల్చని దెయ్యంగీత వెలిసిపోయి, ఉందా లేదా అన్నట్టు ఉంది. కుడిపక్కన మాత్రం, వంపు గీత ఎప్పుడూ ఆగిపోయే చోట ఆగకుండా, ఇంకా పైకి ఒక తోక మొలిచింది.

సరే, అయిపోయింది అనుకున్నాను. బద్ద మారిస్తే గీత పోయింది. అంటే పాత బద్దదే తప్పు, పాత కొలతలన్నీ చెత్త. ఆ తోక ఈ వంకర బద్ద తెచ్చిన కొత్త చెత్త. కుర్చీలో కూలబడి, సిగ్గు లేకుండా బావురుమని ఏడ్చాను. తొట్టిలో నీళ్ళు, కళ్ళలో నీళ్ళు. గుంటూరు బ్రాంచిలో కౌంటరు వెనక కూచున్నట్టు నన్ను నేను చూసుకున్నాను. అది చెడ్డ బతుకేం కాదు. నాది కాదు, అంతే.

ఏడుపు అయ్యాక కోపం వచ్చింది. నా క్రమం ఎప్పుడూ అదే. కోపమంతా ఆ మాట మీదకి మళ్ళింది. ఎడమట! నేను దూరమంటే ఆయనకి ఎడమ చెయ్యట! ఒక్క మాటే, నేను ఒకలా చదివాను, ఆయన ఇంకోలా చదివాడు. నా చెవిలో ఒక అర్థం, ఆయన చెవిలో ఇంకో అర్థం. మాట మాత్రం ఒక్కటే.

అక్కడ ఆగిపోయాను.

మాట ఒక్కటే, చదివేవాడిని బట్టి అర్థం మారింది. మరి ఈ దెయ్యంగీత, ఆ తోక, రెండూ ఒకే అల అయితే? పాత దువ్వెన దాన్ని ఒకలా చదివి ఎడమన పెట్టింది. కొత్త దువ్వెన ఇంకోలా చదివి కుడిన పెట్టింది. అంతేనేమో?

తలెత్తి చూస్తే ట్యూబులైటు వెలుగులో ఫ్యాను రెక్కలు మెల్లగా వెనక్కి తిరుగుతున్నట్టు కనిపిస్తున్నాయి. మీరూ చూసే ఉంటారు. ఫ్యాను ముందుకే తిరుగుతుంది. లైటు మాత్రం ఆగి ఆగి వెలుగుతుంది. వెలిగిన ప్రతిసారీ ఒక రెక్క, దాని ముందు రెక్క ఉండే చోటికి కొంచెం తక్కువగా వచ్చి ఉంటుంది. కంటికి ఫ్యాను వెనక్కి జారినట్టే కనిపిస్తుంది. మూడించులకొక తీగ పెట్టిన నా దువ్వెన కూడా అంతే. తీగ ఉన్నచోటే దానికి నీరు కనిపిస్తుంది, మధ్యలో గుడ్డిది. సగానికి పైగా మూడించుల సందులోనే ఇమిడిపోయేంత పొట్టి అల ముందుకి పరిగెడుతుంటే, దానికి అది పొడుగు అలలా, వెనక్కి వస్తున్నట్టు కనిపిస్తుంది. మేస్త్రీ కొట్టిన వంకర రంధ్రాలు చూస్తే, రెండించులకొకటి ఉన్న దువ్వెనలో ప్రతి మూడో పన్ను ఊడినట్టుంది. పళ్ళు ఊడినా రెండించుల దువ్వెన రెండించుల దువ్వెనే. దానికి ఆ పొట్టి అల ఉన్నదున్నట్టు కనిపించింది.

పెన్సిలు తీసుకుని కూచున్నాను. తోక మీద ఒక్కో చుక్క తీసుకుని, మూడించుల దువ్వెన అయితే దాన్ని ఎక్కడ పెట్టేదో లెక్కవేశాను. మొదటి చుక్క వెళ్ళి పాత దెయ్యంగీత మీద కూచుంది. రెండోదీ కూచుంది. మూడోది వేసే ముందు పెన్సిలు చెక్కుకున్నాను. అదీ కూచుంది.

సోమవారం పొద్దున్న గైడు గది తాళం తీయకముందే గుమ్మంలో నిలబడ్డాను. ఆయన రెండు కాగితాలూ చూశారు, నా పెన్సిలు లెక్క చూశారు.

"అంత పొట్టి అలలు మన తొట్టిలో పుట్టవు. పలక ఊగే వేగానికి రావు" అన్నారు చివరికి.

"నేనూ అలాగే అనుకున్నానండీ. అందుకే ఇన్నాళ్ళూ అనుమానం రాలేదు."

"మరి ఎక్కడినుంచి వస్తున్నాయి?"

"చూద్దాం రండి" అన్నాను. అనేశాక, నీళ్ళని కళ్ళతో చూద్దామని ఇంతవరకు ఎప్పుడూ అనుకోలేదని తోచింది.

మోటారు వేశాను. గైడు ప్యాంటు మడిచి తడినేల మీద మోకాళ్ళు వేశారు. నేను తొట్టికి అటుపక్క కూచుని, టార్చిలైటు నీటి మీదకి ఏటవాలుగా పట్టాను. పెద్ద అల నిటారుగా లేచి వస్తోంది. దాని ముందు చెంప మీద, బెత్తెడు కన్నా కాస్త పొడుగ్గా, సన్నని ముడతలు ఒకదాని వెనక ఒకటి పరిగెడుతున్నాయి. పలక పుట్టించినవి కావు. అలకే పుట్టిన అలలు. టార్చి వెలుగులో మిలమిలా మెరుస్తున్నాయి. రెండేళ్ళుగా రోజూ నా కళ్ళ ముందే, నేను నాచు తుడిచిన చోటే ఉన్నాయి.

"ఏనమ్మా" అన్నారు గైడు, ఇంకా మోకాళ్ళ మీదే ఉండి. "రెండేళ్ళు కాగితం చూశాం. నీళ్ళు చూడనే లేదు."

ఆయన ముఖంలో చిన్నపిల్లాడి సంతోషం. నాకు ఆయన కాళ్ళకి దండం పెట్టాలనిపించింది గానీ, అవి అప్పటికే నీళ్ళలో ఉన్నాయి.

కమిటీలో ఇద్దరు పెద్దలు రకరకాలుగా తిప్పి తిప్పి అడిగారు. పాత బద్ద, కొత్త బద్ద రెండిటి బొమ్మలూ పక్కపక్కన పెట్టి చూపించాను. నిజమైన గీత బద్ద మారినా కదల్లేదు. దొంగగీత బద్ద మారగానే దొరికిపోయింది. పాత కొలతలు తప్పు కాదు, చదవడం తప్పు. ఎడమన ఉన్నదాన్ని కుడికి మడిస్తే రెండేళ్ళ పనీ పనికొస్తుంది. పైగా, ఎవరూ వెతకని చోట దొరికిన ఆ ముడతల అలలే నా థీసిస్సు అవుతాయి. వాళ్ళు నన్ను బయట కూచోబెట్టి, కాసేపటికి లోపలికి పిలిచి, కొనసాగించమన్నారు. అంతే. ఆ ఒక్క మాట కోసం నేను ఎన్ని దేవుళ్ళకి మొక్కానో నాకే గుర్తులేదు.

అమ్మకి ఫోను చేశాను.

"అయితే రావన్నమాట" అంది.

"రానమ్మా. ఇక్కడే ఉంటాను."

"గుమ్మడికాయ వడియాలు పెట్టాను. మీ మామయ్య చేత పంపిస్తాలే" అంది. మా అమ్మ భాషలో అది సరేనని.

కరగ అయ్యాక నగర్తపేట వెళ్ళాను. వీధిలో ఇంకా మల్లెపూల వాసన పోలేదు. నన్ను చూడగానే మేస్త్రీ లేచి, మూలన గుడ్డలో చుట్టి పెట్టినది తీసి నా చేతుల్లో పెట్టాడు. కొత్త బద్ద. మూడించులకొక రంధ్రం, అంచుకి ఒకించి చోటు, ఎక్కడా వెంట్రుకవాసి తేడా లేదు.

"నాకు మనసు ఒప్పలేదు తల్లీ. నీ పని చెడగొడితినని కరగలో కూడా అదే తలపు. ఇది ఉట్టికే తీసుకో."

బద్దని తిరిగి ఆయన చేతుల్లోనే పెట్టాను. "ఇది వద్దండీ. అలాంటిదే ఇంకోటి కావాలి. మొన్న చేశారే, వంకరది. ఇంకా పొడుగ్గా."

"నన్ను ఎగతాళి జేస్తా ఉండావా?"

"ఒట్టు. అదే కావాలి."

"తప్పుండేదే కావల్లా? రామా!" అని ఆయన స్టూలు మీద కూలబడ్డాడు. ఆయన దుకాణంలోనూ ట్యూబులైటు, ఫ్యాను ఉన్నాయి. ఫ్యాను చూపించి చెప్పాను, వేళ్ళు దువ్వెనలా పెట్టి చెప్పాను. ఎంతవరకు ఎక్కిందో నాకు తెలియదు. చివరికి ఆయన, "అంటే నేను తప్పుగా విన్నందుకు నువ్వు పాసయినావు" అని తేల్చాడు. "అవునండీ" అన్నాను. ఇద్దరం పగలబడి నవ్వితే పక్క కొట్టువాళ్ళు మళ్ళీ తలలు బయటికి పెట్టారు. ఉట్టికే ఇస్తానన్న ఆ తిన్నని బద్దని కూడా తెచ్చుకున్నాను. రెండూ పక్కపక్కన పెట్టి కొలవడానికి అదే పనికొచ్చింది.

తర్వాత చాలా ఏళ్ళకి, మహదేవపుర దాటాక ఒక కాలేజీలో నాకూ ఒక తొట్టి వచ్చింది. చిన్నది, అయినా నాది. అప్పటికి చుట్టూ గాజు మేడలు లేస్తున్నాయి. పునాదులు దిగ్గొడుతుంటే నా నీళ్ళు వణికేవి, ఆ వణుకు కూడా బొమ్మలో ఒక మూల చుక్కయి పడేది. నా దగ్గర పరిశోధనకి వరంగల్లు నుంచి ఒక అమ్మాయి చేరింది. నాకన్నా నెమ్మది మనిషి, దేవుడి దయవల్ల. ఒకరోజు వచ్చి, "మేడమ్, ల్యాబులో అందరూ ఆ వంకర బద్దని ఎడం బార్, ఎడం బార్ అంటున్నారు. ఆ ఎడం ఏ దేశం సైంటిస్టు? ఎంత వెతికినా దొరకట్లేదు" అంది. మా ల్యాబులో ఉన్న బెంగాలీ కుర్రాడు ఆ ఎడం డచ్చివాడై ఉంటాడన్నాడట. నేను కుర్చీలోంచి పడిపోయేంత నవ్వాను.

"పద, చూపిస్తాను" అని నగర్తపేట తీసుకెళ్ళాను. ఆ అమ్మాయి తొట్టికి కూడా ఒక దువ్వెన కావాలి.

మేస్త్రీ జుట్టు మొత్తం నెరిసింది. కళ్ళజోడు మందమైంది. డ్రిల్లు మాత్రం అదే. నేను మాట్లాడకుండా పక్కన నిలబడ్డాను. ఆ అమ్మాయి బొమ్మ పరిచి వివరంగా చెప్పింది. మూడించులకొకటి, ఆపైన ఒకటి విడిచి ఒకటి ఒకించి ఎడం.

ఆయన పెన్సిలు చెవి మీద నించి తీశాడు. బొమ్మ మీద పెట్టబోయి ఆగాడు. కళ్ళజోడు పైనుంచి నా వంక చూశాడు.

"ముందే అడుగుతా ఉండాను తల్లీ, మళ్ళీ కొట్లాట వద్దు. ఏ ఎడం? మీ ఎడమా, మా ఎడమా?"

"మన ఎడమే, మేస్త్రీ గారూ" అన్నాను.